ధనుష్కోటి స్టేషను ఎవరిది?

పాడుబడ్డ కోటల చరిత్ర రాయడానికి మనకు పండితుల కొరత లేదు. పాడుబడ్డ రైలు స్టేషను చరిత్ర రాసేవారు మాత్రం అరుదు. కోటలో రాజు వున్నాడు, స్టేషనులో వున్నది మూడో తరగతి ప్రయాణికుడు. రాజు తన పేర శాసనం చెక్కించుకున్నాడు. ప్రయాణికుడి చేతిలోని టికెట్టును గేటు దగ్గరే లాగేసుకున్నారు. అంచేత ఒకరికి ఆధారాలు మిగిలాయి, ఒకరికి మిగల్లేదు. ఆధారాలు లేవు గనక చరిత్ర లేదనే వాదన మనకు కొత్త కాదు. శ్రామిక జనం విషయంలో ఆ వాదన ఎన్నిసార్లు వినలేదు!

ధనుష్కోటి పేరు చెప్పగానే తెలుగువాడికి మొదట గుర్తొచ్చేది సేతుస్నానం. కాశీకి పోయినవాడు రామేశ్వరం కూడా చూస్తేనే యాత్ర పూర్తయినట్టు మనవాళ్ళ లెక్క. సేతువు దగ్గరి ఇసుక తీసుకెళ్ళి గంగలో కలపడం, గంగనీళ్ళు తెచ్చి రామలింగేశ్వరుడికి అభిషేకం చేయించడం తరతరాల ఆచారం. రెండవది 1964 డిసెంబరు తుపాను. అందులోనూ మన సినిమా పత్రికలు పదేపదే రాసే సంగతి, ఆ రోజున సావిత్రి, జెమినీ గణేశన్ ఆ చాయలకు వెళ్ళి రామేశ్వరంలో చిక్కుకుని బయటపడ్డారని. ఇక ఈమధ్య మూడో ధనుష్కోటి ఒకటి తయారయింది. అది పర్యాటకుల ధనుష్కోటి. రెండువైపులా సముద్రం, మధ్యన ఇసుక, ఇసుకలో మొండిగోడలు. దానికి "దయ్యాల వూరు" అని పేరు పెట్టి ఫోటోలు తీసుకుని వస్తున్నారు.

ఈ మూడు జ్ఞాపకాలూ అబద్ధాలని నేననను. కాని ఈ మూడింటిలో ఏదీ, ఆ ఇసుకదిబ్బ మీద అంత పెద్ద స్టేషను ఎందుకు పుట్టిందో చెప్పదు. ఎందుకు పుట్టిందో తెలియనిదే ఎందుకు చచ్చిందో తెలియదు.

మా కాలేజీ పిల్లలు రామేశ్వరం చూసి వచ్చాక తరగతిలో ఒక అమ్మాయి అడిగింది: "సార్, అదే తుపానులో పాంబన్ వంతెన కూడా కొట్టుకుపోయింది కదా. దాన్ని నలభై ఆరు రోజుల్లో నిలబెట్టారట. మరి ఇవతల పదిహేను మైళ్ళ పట్టాలు మళ్ళీ ఎందుకు వేయలేదు?" ప్రకృతి వైపరీత్యం అని ఏదో చెప్పి ఆ పూటకు గట్టెక్కాను. ఇంటికి వచ్చాక ఆ జవాబు నాకే నచ్చలేదు. ఆ ప్రశ్నకు కాస్త ఆలస్యంగా ఇస్తున్న సమాధానం ఈ వ్యాసం.

కాఫీ పోయి తేయాకు వచ్చింది

ఈ కథ సముద్రం ఒడ్డున మొదలుకాదు, లంక కొండల మీద మొదలవుతుంది. పందొమ్మిదవ శతాబ్దం ప్రథమార్ధంలో బ్రిటీషు దొరలు అక్కడ అడవులు నరికి కాఫీ తోటలు వేశారు. కాఫీ గింజ కోతకు వచ్చే నాలుగైదు నెలలే వారికి కూలీలు కావాలి. తమిళ జిల్లాల నుంచి జనం గుంపులు గుంపులుగా పోయేవారు. నాటు పడవల్లో మన్నారు తీరం చేరి, అక్కడినుంచి వంద మైళ్ళకు పైబడిన అడవిదారిన మాతలే దాకా నడిచేవారు. ఆ దారిలో కలరా, మలేరియా, ఆకలి ఎందరిని పొట్టన పెట్టుకున్నాయో! కోత అయిపోగానే మిగిలినవారు అదే దారిన తిరిగి వచ్చేవారు.

1869లో కాఫీ ఆకుకు తెగులు పట్టింది. పదిహేను ఇరవై ఏళ్ళలో లంక కాఫీ దాదాపు తుడిచిపెట్టుకుపోయింది. ఈలోగా 1867లో లూల్ కందూర తోటలో జేమ్స్ టేలర్ అనే స్కాట్లండు దొర తేయాకు వేసి చూశాడు. కాఫీ చచ్చిన నేలలో తేయాకు లేచింది. మారింది పంట ఒక్కటే కాదు, దానితోపాటు కూలీ బతుకు కూడా మారిపోయింది. తేయాకు చిగురు కోత ఏడాది పొడుగునా వుంటుంది. చిగురు తుంచడానికి ఆడవాళ్ళ చేతులు కావాలి, చిల్లర పనులకు పిల్లలు కావాలి. అంటే కొన్ని నెలలకు వచ్చిపోయే మగకూలీ సరిపోడు. కుటుంబం మొత్తం కదలాలి, అక్కడే వుండిపోవాలి. తోటలో "లయన్లు" అనే వరస కొట్టాల్లో పుట్టి, అక్కడే పెరిగి, అక్కడే పోయే జనం కావాలి.

మరి ఆ జనం ఎక్కడినుంచి వచ్చారు? తిరుచిరాపల్లి, మధుర, రామనాథపురం, సేలం, తంజావూరు ప్రాంతాల నుంచి. 1876-78 నాటి ధాతుకరువు, భూమి లేకపోవడం, అప్పు, అంటరానితనం వారిని వూళ్ళనుంచి తరిమాయి. వారిలో గణనీయమైన భాగం దళితులు. తమిళనాట తరతరాలుగా వుంటూ ఇంట్లో తెలుగు మాట్లాడుకునే కుటుంబాలు కూడా వారిలో వున్నాయి. అంటే ఈ కథలో మనం బొత్తిగా పరాయివాళ్ళం కాము.

ఇంత జనాన్ని ఏడాది పొడుగునా, దారిలో చావకుండా, తోటకు చేర్చాలంటే నాటు పడవ, అడవిదారి పనికిరావు. చచ్చిన కూలీ వల్ల దొరకు నష్టమే గదా! కొన్నాళ్ళు తూత్తుకుడి నుంచి కొలంబోకు స్టీమర్ల మీద తీసుకుపోయారు. అది దూరపు సముద్రయానం. దానికంటే దగ్గర దారి పాంబన్ ద్వీపం మీదుగా వుంది. ధనుష్కోటి కొస నుంచి లంకలోని తలైమన్నారుకు సముద్రం ఇరవై రెండు మైళ్ళు మాత్రమే.

దేవుడికి బ్రాంచి, తోటకు మెయిను

ఆ ఇరవై రెండు మైళ్ళ మీద కూడా రైలు వంతెన కట్టేద్దామని బ్రిటీషు ఇంజనీర్లు కొంతకాలం కలలు కన్నారు. ఖర్చు చూసి కంపెనీ, ప్రభుత్వం వెనక్కి తగ్గాయి. చివరకు కుదిరిన పథకం ఇది: మండపం నుంచి పాంబన్ ద్వీపం దాకా సముద్రం మీద వంతెన, ద్వీపం కొసన రేవు, రేవు నుంచి స్టీమరు, అవతలి ఒడ్డున మళ్ళీ రైలు. పాంబన్ వంతెనను 1914 ఫిబ్రవరి 24న ప్రారంభించారు. పొడవు రెండు కిలోమీటర్ల పైచిలుకు. నలభై అడుగుల దూలాల ఖానాలు 145. ఓడలు పోవడానికి మధ్యన రెండు రెక్కలుగా పైకి లేచే షెర్జర్ ఖానా ఒకటి. ఎగువ నుంచి వచ్చే మీటరు గేజి లైను, వంతెన, రేవు అన్నీ లండనులో కార్యాలయం గల సౌత్ ఇండియన్ రైల్వే కంపెనీవి.

ఇక్కడ పాఠకులు పాత రైల్వే పటం ఒకటి మనసులో వూహించుకోవాలి. వంతెన దాటి పాంబన్ జంక్షనుకు వస్తే లైను రెండుగా చీలుతుంది. ఒకటి ఆరు మైళ్ళ పైచిలుకు పోయి రామేశ్వరం గుడి దగ్గర ఆగిపోతుంది. రెండవది పదిహేను మైళ్ళు ఇసుకలో పోయి ధనుష్కోటి రేవులోకి వెళుతుంది. మద్రాసు ఎగ్మూరు నుంచి వచ్చే పెద్ద బండి, బోట్ మెయిల్, ఆగేది రామేశ్వరంలో కాదు, ధనుష్కోటిలో. వేల ఏళ్ళుగా దేశం నలుమూలల నుంచి జనం నడిచి వచ్చిన మహాక్షేత్రానికి బ్రాంచి లైను. బెస్తపల్లె తప్ప మరేమీ లేని ఇసుక కొసకు మెయిన్ లైను! రైలు కంపెనీకి భక్తి వుందా లేదా అని వాదించనక్కర లేదు. పట్టాలు ఎటు పోయాయో చూస్తే చాలు. యాత్రికుడి డబ్బు కంపెనీకి చేదు కాదు, సేతుస్నానానికి వచ్చినవారు కూడా ఆ బండే ఎక్కారు. కాని బండి వారికోసం వేసింది కాదు.

ధనుష్కోటిలో బండి రేవు కట్ట మీదికే పోయి ఆగేది. దిగి నాలుగడుగులు వేస్తే స్టీమరు. మొదట్లో కర్జన్, ఎల్గిన్, హార్డింజ్ అనే పేర్లు గల ఓడలు, తర్వాత ఇర్విన్, గోషెన్ అనేవి. అన్నీ వైస్రాయిల పేర్లు, గవర్నర్ల పేర్లు! కాస్త రెండు గంటల పైన సముద్రం మీద గడిపి తలైమన్నారులో దిగితే కొలంబో పోయే రైలు సిద్ధంగా వుండేది. ఎగ్మూరులో కొన్న ఒక్క టికెట్టుతో కొలంబో చేరవచ్చు. ఆ రేవు చుట్టూ స్టేషను, కస్టమ్సు ఆఫీసు, తంతి తపాలా ఆఫీసు, ఆసుపత్రి, బడి, చర్చి, రైల్వే వుద్యోగుల ఇళ్ళు, నీళ్ళ ట్యాంకు వెలిశాయి. బెస్తపల్లె పట్టణమై కూచుంది.

ఆ లైను ప్రజల బతుకుల్లోకి ఎలా చొచ్చుకుపోయిందో చెప్పే ముచ్చట ఒకటి అబ్దుల్ కలాం ఆత్మకథలో వుంది. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో రామేశ్వరం దగ్గర బండి ఆగడం మానేసింది. పత్రికల కట్టలను రామేశ్వరానికీ ధనుష్కోటికీ మధ్య నడుస్తున్న బండిలోంచి విసిరేసేవారు. వాటిని ఏరి అందించే పనిలో పిల్లవాడైన కలాం తన దగ్గరి బంధువుకు సాయపడి తొలి సంపాదన చేశాడు. గుడి వున్న వూళ్ళో బండి ఆగలేదు, రేవు వున్న వూరికి మాత్రం పోతూనే వుంది!

మెడలో బిళ్ళ

స్టేషను గోడలు అందరికీ ఒకటే. కాని స్టేషను అందరికీ ఒకటి కాదు. మొదటి తరగతిలో వచ్చిన తోట దొరకు అది సముద్రగాలి పీల్చుకుంటూ బండి నుంచి ఓడకు మారే చోటు. కూలీకి అది దేశం సరిహద్దు.

తోటలకు మనుషులను చేర్చే పద్ధతికి కంగాణి పద్ధతి అని పేరు. కంగాణి అంటే తోటలో ముఠామేస్త్రీ. దొర దగ్గర బయానా తీసుకుని తన వూరికి వస్తాడు. తన కులంవారిని, బంధువులను, వూళ్ళో అప్పులపాలైన వారిని పోగుచేస్తాడు. ఇంట్లో ఖర్చుకు ఇంత, పాత బాకీకి ఇంత, దారి బత్తెం ఇంత అని బయానా ఇస్తాడు. అదంతా కూలీ పేర అప్పుగా రాసుకుంటాడు. తోటలో అడుగు పెట్టకముందే మనిషి తాకట్టులో వున్నాడన్న మాట. ఒక తోట నుంచి మరో తోటకు మారాలంటే ఆ అప్పు చీటీ, దాన్ని "తుండు" అనేవారు, వెంట పోతుంది. కొత్త దొర పాత దొరకు బాకీ కట్టి మనిషిని తీసుకుంటాడు. ఈ తుండును 1921లో చట్టం ద్వారా రద్దు చేశారు.

ఇరవయ్యవ శతాబ్దం తొలి సంవత్సరాల్లో "టిన్ టికెట్టు" అనేది ప్రవేశపెట్టారు. అది ఒక చిన్న లోహపు బిళ్ళ, దాని మీద తోట గుర్తింపు అంకె. దాన్ని దారానికి కట్టి కూలీ మెడలో వేసేవారు. చదువురాని మనిషి దారితప్పకుండా తోట చేరడానికి ఇది సౌకర్యం అని అధికారులు చెప్పారు. సౌకర్యం నిజమే, సరుకు మూటకు చీటీ అంటించడం కూడా సౌకర్యమే. తేడా ఏమంటే మూటకు ప్రయాణం ఖర్చు అప్పుగా రాయరు. 1922లో భారత ఎమిగ్రేషను చట్టం వచ్చాక, దాని కింద చేసిన నిబంధనల వల్ల కూలీని చేర్చే ఖర్చును అతని నెత్తిన రుద్దడం ఆగింది. ఆ మేరకు జాతీయోద్యమ వొత్తిడి ఫలితం ఇచ్చింది.

ధనుష్కోటికి ముందే, వంతెనకు ఇవతల, మండపంలో లంక ప్రభుత్వం ఒక క్యాంపు పెట్టింది. గడ్డ మనది, అధికారం లంకది. ప్లేగు, కలరా అవతలికి పోకుండా కూలీ కుటుంబాలను అక్కడ కొన్ని రోజులు ఆపి, టీకాలు వేసి, బట్టలు ఆవిరిపట్టి, పరీక్షించి, అంకెలు రాసుకుని, ఆ తర్వాత బండి ఎక్కించేవారు. ఆ క్యాంపు పేరు మరిచిపోవద్దు. దానితో మనకు మళ్ళీ పని వుంది.

ఇదంతా చదివి, పాపం, అమాయకులు అని జాలిపడి వూరుకుంటే మనం కూడా దొరల పుస్తకాల దృష్టితోనే చూసినట్టు. ఆ రైలు దోచుకునేవాడు వేసిందే, నిజం. కాని దాని మీద ప్రయాణం చేసినవాళ్ళు దోపిడీతో పోరాడటం కూడా నేర్చారు. ఇదే సౌత్ ఇండియన్ రైల్వే కంపెనీ కార్మికులు 1928 జూలైలో వుద్యోగాల కోతకు వ్యతిరేకంగా సమ్మెకట్టారు. సింగారవేలు, ముకుందలాల్ సర్కార్ వంటి నాయకులను జైళ్ళకు పంపారు. అవతలి ఒడ్డున 1940 జనవరిలో ముల్లోయా తోట సమ్మెపై పోలీసులు కాల్పులు జరిపితే గోవిందన్ అనే కార్మికుడు ప్రాణం ఇచ్చాడు. ఆ తోటల్లో జెండా పట్టినవారు, వారి తలిదండ్రులు, ఏదో ఒకనాడు మెడలో బిళ్ళతో లంక రేవులో దిగినవారే.

దారి మూసుకుపోయిన విధం

ఇప్పుడు అసలు ప్రశ్నకు వద్దాం. స్టేషను ఎప్పుడు చచ్చిపోయింది? 1964 డిసెంబరు 22 రాత్రి అని అందరూ అంటారు. దాని వూపిరి పాతికేళ్ళ ముందు నుంచే తగ్గుతూ వచ్చిందని నా వుద్దేశం.

1929 తర్వాతి ఆర్థిక మాంద్యంలో తేయాకు ధర పడిపోయింది. కొత్త కూలీలతో తోటలకు మునుపటంత పని లేకపోయింది. నిరుద్యోగం పెరిగిన లంకలో, దానికి కారణం భారతీయులేనని చెప్పడం పాలకవర్గానికి సులువయింది. 1939లో లంక ప్రభుత్వం తన శాఖల్లో రోజుకూలీకి పనిచేసే భారతీయులను తొలగించ నిశ్చయించింది. ఆ జూలైలో జవహర్‌లాల్ నెహ్రూ కొలంబో వెళ్ళి మాట్లాడాడు, ఫలితం లేకపోయింది. 1939 ఆగస్టు 1న భారత ప్రభుత్వం లంకకు కూలీల వలసను నిషేధించింది. ధనుష్కోటి ఏ పనికోసం పుట్టిందో ఆ పనికి అదే తొలి దెబ్బ. ఆ తర్వాత ఆ బండిలో పోయినవారు చాలావరకు ఇదివరకే అక్కడ స్థిరపడి, వూరికి వచ్చి తిరిగి పోయే జనం, వర్తకులు, యాత్రికులు.

1948 ఫిబ్రవరిలో లంక స్వతంత్రమయింది. అదే ఏడు పౌరసత్వ చట్టం చేసింది. ఆ చట్టం ప్రకారం తోటకార్మికుల్లో అత్యధికులు పౌరులు కాకుండా పోయారు. తరువాతి ఏడాది వోటు కూడా పోయింది. వారు ఆ దేశపు ఎగుమతిలో సింహభాగాన్ని తమ చేతులతో తుంచి బుట్టల్లో వేస్తున్నారు. వారు ఆ దేశస్థులు కారని తేల్చారు! భారతదేశం కూడా వారిని తన పౌరులుగా లెక్కించలేదు. రెండు తీరాల మధ్య ఓడ నడుస్తూనే వుంది, రెండు తీరాల్లోనూ వారికి చోటు లేదు.

ఇక్కడ మన శిబిరం గురించి కూడా నిజం చెప్పుకోవాలి. 1948లో ఆ చట్టాన్ని లంక వామపక్షాలు ఎదిరించాయి. లంక సమసమాజ పార్టీవారు పార్లమెంటులో గట్టిగా నిలబడ్డారు. అది వారి ఘనత. కాని 1964 జూన్‌లో అదే పార్టీ సిరిమావో బండారనాయకే మంత్రివర్గంలో చేరింది, ఎన్.ఎం. పెరేరా ఆర్థికమంత్రి అయ్యాడు. ఆ ప్రభుత్వమే 1964 అక్టోబరు 30న లాల్ బహదూర్ శాస్త్రితో ఒప్పందం చేసుకుంది. ఏ దేశానికీ చెందని 9,75,000 మందిలో 5,25,000 మంది భారతదేశానికి పోవాలి, 3,00,000 మందికి లంక పౌరసత్వం, మిగిలిన 1,50,000 మంది సంగతి తర్వాత. ఆ మిగిలినవారిని 1974లో చెరి 75,000గా పంచుకున్నారు. మనుషులను ఇలా అంకెలుగా పంచుకునేటప్పుడు ఆ మనుషులను ఎవరూ అడగలేదు. ముల్లోయాలో కార్మికుడి పక్కన నిలబడిన పార్టీ, ఈ పంపకం జరిగిననాడు ప్రభుత్వంలో కూచుని వుంది. మంత్రిపదవి కోసం వర్గాన్ని వదులుకున్న ఉదాహరణలు మన చరిత్రలో వేరే చోట్ల కూడా వున్నాయి. వాటిని శత్రువు రాసేదాకా ఆగకుండా మనమే రాసుకోవడం మేలు.

ఆ రాత్రి

ఒప్పందం జరిగి రెండు నెలలు తిరగలేదు. డిసెంబరు మూడో వారంలో అండమాను సముద్రంలో పుట్టిన వాయుగుండం పెను తుపానై 22న లంక వుత్తర భాగాన్ని తాకి, ఆ రాత్రి ధనుష్కోటి మీద విరుచుకుపడింది. ఇరవై అడుగులకు మించిన ఉప్పెన వచ్చింది. పాంబన్ నుంచి అర్ధరాత్రికి కొంచెం ముందు బయలుదేరిన 653 నంబరు పాసింజరు బండి ధనుష్కోటి చేరవస్తుండగా, మరి కొద్ది గజాల దూరం వుందనగా, సిగ్నలు దీపం కనిపించక ఆగింది. కొంతసేపు చూసి డ్రైవరు ఈల వేసి బండి ముందుకు పోనిచ్చాడు. ఉప్పెన బండిని ఎత్తి కొట్టింది. రైల్వేవారి లెక్కలో 110 మంది ప్రయాణికులు, ఐదుగురు సిబ్బంది. అందరూ పోయారు. టికెట్టు లేకుండా ఎక్కినవారు ఇంకా వున్నారని, పోయినవారు అంతకంటే చాలా ఎక్కువని ఆనాటి నుంచీ జనం చెబుతూనే వున్నారు. చావు లెక్కలోకి ఎక్కడానికి కూడా టికెట్టు కావలసి వచ్చింది.

రెండు తీరాల్లోనూ కలిపి ఆ తుపానులో పోయినవారు సుమారు 1,800 మంది అని చెబుతారు. రేవు, స్టేషను, కస్టమ్సు ఆఫీసు, తపాలా ఆఫీసు, ఇళ్ళు అన్నీ ఒక్క రాత్రిలో ముగిశాయి. పాంబన్ వంతెన 145 ఖానాల్లో 126 దూలాలు సముద్రంలో పడ్డాయి. పైకి లేచే ఖానా మాత్రం నిలిచింది. మద్రాసు ప్రభుత్వం ధనుష్కోటిని మనుషుల నివాసానికి పనికిరాని చోటుగా ప్రకటించింది.

వంతెన లేచింది, స్టేషను లేవలేదు

వంతెన బాగుచేసే పని ఇ. శ్రీధరన్ అనే యువ ఇంజనీరు చేతిలో పెట్టారు. తర్వాత కొంకణ్ రైల్వే, ఢిల్లీ మెట్రో నిర్మించినది ఆయనే. సముద్రంలో పడ్డ దూలాలను వెలికితీసి మళ్ళీ వాడుకుని, 46 రోజుల్లో బండి నడిపించారు. ఆ ఇంజనీర్ల, కార్మికుల పనితనాన్ని ఎంత మెచ్చుకున్నా తక్కువే.

మరి అటుపక్క లైను? ఇక్కడ తొందరపడి కుట్ర అనే మాట వాడకూడదు. ఆ ఇసుక కొస నిజంగా ప్రమాదకరమైన చోటు. అటూ ఇటూ సముద్రం కోసుకుపోతున్న నేల మీద పట్టణం మళ్ళీ కట్టించి జనాన్ని పెట్టడం వివేకం కాదని ఏ ప్రభుత్వమైనా అనవచ్చు. ఆ వాదనలో బలం వుంది. కాని ప్రమాదం 1964లో కొత్తగా పుట్టలేదు. 1914లోనూ అది అదే ఇసుక, అదే సముద్రం. అప్పుడు కంపెనీ ఆ ప్రమాదాన్ని లెక్కచేయలేదు. ఎందుకంటే అవతల తోటలు ఆకలిగా వున్నాయి. 1965 నాటికి తోటలకు మన కూలీలు అక్కరలేదు. పైగా వున్నవారిని వెళ్ళగొడుతున్నారు. గుడికి పోయే యాత్రికుడికి రామేశ్వరం దాకా బండి చాలు. అంచేత బ్రాంచి లైనే మెయిన్ లైనయింది, మెయిన్ లైను ఇసుకలో కలిసిపోయింది. స్టేషనును తుపాను కూల్చింది, లేవనీయనిది మాత్రం అవసరం తీరిపోవడం. తరగతిలో అడిగిన ప్రశ్నకు నా జవాబు ఇది.

ఒప్పందం ప్రకారం రావలసిన లక్షల మంది మాటేమిటి? వారికోసం తలైమన్నారు నుంచి రామేశ్వరానికి ఓడ నడిపారు. వారు దిగి ఎక్కడికి పోయారు? మండపం క్యాంపుకు! తాతను టీకా వేసి పంపిన చోటనే మనుమడికి పునరావాసం కాగితాలు ఇచ్చారు. మూడు లక్షలకు పైబడిన జనం అలా వచ్చారు. కొందరిని నీలగిరి తేయాకు తోటల్లో, కొందరిని కేరళ, కర్ణాటకల్లోని రబ్బరు తోటల్లో పెట్టారు. కొందరు అప్పిచ్చిన డబ్బు అయిపోయాక మళ్ళీ కూలీలయ్యారు. పుట్టిన నేల లంక, "స్వదేశం" తాము ఎన్నడూ చూడని దేశం. 1980ల తొలి సంవత్సరాల్లో లంకలో మారణకాండ, అంతర్యుద్ధం మొదలయ్యాక ఓడ కూడా ఆగిపోయింది. ఆ తర్వాత ఆ మండపం క్యాంపులోకే యుద్ధశరణార్థులు వచ్చారు. ఆ మిగిలినవారి పౌరసత్వ సమస్యను లంక పార్లమెంటు 2003 చట్టంతో గాని తేల్చలేదు. 1948 నుంచి లెక్కిస్తే యాభై అయిదేళ్ళు!

మొండిగోడల ముందు

ఇప్పుడు ధనుష్కోటి దాటి అరిచల్‌మునై కొస వరకు తారు రోడ్డు వుంది. పాత పాంబన్ వంతెన మీద 2022 డిసెంబరులో రైళ్ళు ఆపేశారు. దాని పక్కనే కట్టిన కొత్త వంతెనను 2025 ఏప్రిల్ 6న ప్రారంభించారు. చెన్నై నుంచి రామేశ్వరం పోయే బండిని జనం ఇప్పటికీ బోట్ మెయిల్ అనే అంటారు. బోటు లేదు, పేరు వుంది. స్టేషను మొండిగోడల పక్కన శంఖాలు, గవ్వలు అమ్మే దుకాణాలు వున్నాయి. ప్రభుత్వం మనుషులకు పనికిరాదన్న ఆ చోటికి బెస్తవారు తిరిగి వచ్చి, దీపం, మంచినీళ్ళు లేకపోయినా ఏళ్ళ తరబడి గుడిసెలు వేసుకు బతికారు. దానిని దయ్యాల వూరు అనేవారికి ఈ బతికున్న మనుషులు కనిపించకపోవడం విచిత్రమే.

మనం ఇంత దూరం వచ్చి తమిళుల స్టేషను గురించి ఎందుకు రాసుకోవాలి అని ఎవరైనా అడగవచ్చు. మనకూ ఒక ధనుష్కోటి వుంది కనుక. దాని పేరు "రంగం". కళింగపట్నం, భీమునిపట్నం, విశాఖపట్నం, కాకినాడ రేవుల నుంచి మన కళింగాంధ్ర, గోదావరి జిల్లాల కూలీలు మేస్త్రీల బయానాలు తీసుకుని రంగూను పోయారు. అక్కడ వడ్లమిల్లుల్లో, రేవులో మూటలు మోశారు. 1942లో జపాను సేన వచ్చినప్పుడు వేలాది మంది అడవులు, కొండలు దాటి కాలినడకన తిరిగి వచ్చారు, చాలామంది దారిలోనే పోయారు. కంగాణి అక్కడ, మేస్త్రీ ఇక్కడ, అంతే తేడా. రంగం నుంచి వచ్చినవారి కుటుంబాలు మన వుత్తరాంధ్ర వూళ్ళలో ఇప్పటికీ వున్నాయి. వారి ఇళ్ళల్లో పాత పెట్టెల అడుగున ఒక రసీదో, ఉత్తరమో, ముసలమ్మల నోట ఒక పాటో మిగిలి వుంటుంది.

మన విద్యార్థులకు ఏటా ఏవో ప్రాజెక్టులు ఇస్తూనే వున్నాం. అందులో సగం పుస్తకం చూసి పుస్తకం రాసేవే. ఈ ఏడు ఒక పని చేయిద్దాం. ప్రతి పిల్లవాడూ తన వూరి దగ్గర మూతపడ్డ స్టేషనుకో, ఓడ రాని రేవుకో వెళ్ళాలి. అది ఎప్పుడు కట్టారు అని మొదలుపెట్టకూడదు. ఇక్కడినుంచి ఏది పోయింది, ఎవరు పోయారు, ఎవరి లాభానికి పోయారు, తిరిగి వచ్చారా అని అడగాలి. ఆ ప్రశ్నలకు జవాబు చెప్పగల ముసలివారు ఏటికేడాది తగ్గిపోతున్నారు. ఈ పని వచ్చే ఏటికి వాయిదా వేయడానికి వీలు లేదు.